రెండు నూనెల పేలాలు

మే నెలలో పిల్లల సెలవులకి ఐదుగురం కలిసి ఒక మల్టీప్లెక్స్‌లో సినిమాకి వెళ్ళాం. ఇంటర్వెల్లో పిల్లలు అడిగిన రెండు పాప్‌కార్న్ డబ్బాలకి అయిన డబ్బుతో మా ఇంటికి వారం కూరగాయలు వస్తాయి. మా అత్తయ్య ఒక గుప్పెడు తీసుకుని, కళ్ళజోడు పైకి జరిపి, దగ్గరగా పెట్టుకుని చూశారు. "ఇవి పేలాలే కదమ్మాయ్?" అన్నారు. అవునన్నాను. ఆ తర్వాత ఆవిడ సినిమా చూసినట్టు లేదు. మా అబ్బాయి ఎన్ని కింద పోస్తున్నాడో లెక్కపెడుతూ కూర్చున్నారు.

డబ్బు సంగతి పక్కన పెడితే రుచి మాత్రం బాగుంది. ఎప్పుడూ ఉండే మసాలా ఘాటు కాదు, ఏదో ఆకు వాసన. నములుతున్నప్పుడు తెలియదు, మింగాక ముక్కులోకి మెల్లగా వస్తుంది. అది రోజ్‌మేరీ అని మా అమ్మాయి కనిపెట్టింది. వాళ్ళ స్కూలు తోటలో ఆ మొక్క ఉందట. "ఆకు నూనెలో వేసి, ఆ నూనెలో పాప్‌కార్న్ చేస్తే అయిపోయె కదమ్మా" అంది. నేనూ అంతే అనుకున్నాను. ఆ ఒక్క మాటలో ఎంత తప్పుందో తెలుసుకోవడానికి నాకు రెండు నెలలు, కిలోన్నర గింజలు, అడుగు మాడిన ఒక దబర పట్టాయి.

మొదటి ఆదివారం అసలు ఆకు దాకా వెళ్ళనేలేదు. సంక్రాంతికి కొన్న గింజల ప్యాకెట్ అల్మరాలో ఉంది. సగం వాడి, మిగిలినవి మూత సరిగ్గా పట్టని స్టీలు డబ్బాలో పోసి మర్చిపోయాను. నూనె కాగాక గింజలు పోసి మూత పెట్టాను. ఏవో పది గింజలు మొహమాటానికి పేలి ఊరుకున్నాయి. మూత తీస్తే మూడొంతులు నల్లబడ్డ గింజలే. మా ఆయన ఒకటి కొరికి చూసి, పోయినేడు పంటికి కట్టించుకున్న క్యాప్ ఖరీదు గుర్తు చేసుకుని, గిన్నె అవతలికి జరిపేశారు.

అత్తయ్య డబ్బాలో చెయ్యి పెట్టి గింజల్ని గలగలలాడించి చూశారు. "ఇవి ఎండిపోయినయ్యమ్మాయ్. జొన్నలు పేల్చే ముందు మేం నీళ్ళు చల్లి గుడ్డలో మూటకట్టి ఉంచేవాళ్ళం. ఊరికే పేలతయ్యా?" అన్నారు. ఆవిడది నరసరావుపేట దగ్గర పల్లెటూరు. తొలి ఏకాదశికి పేలపిండి లేకపోతే పండగ జరగనట్టే లెక్క ఆ ఇంట్లో. పెరట్లో పొయ్యి మీద మంగలం పెట్టి, ఇసుక పోసి, ఆ ఇసుక బాగా కాలాక జొన్నలు వేసి తిప్పేవాళ్ళట. మంగలం అంటే పగిలిన కుండ అడుగు అని మా పిల్లలకి చెప్పాల్సి వచ్చింది. వాళ్ళు మంగళవారం గురించి ఏదో అనుకుంటున్నారు.

ఆవిడ చెప్పినదాంట్లో కిటుకంతా ఉంది. పాప్‌కార్న్ గింజలో దాదాపు 14 శాతం నీరు ఉంటుంది. చుట్టూ ఉన్న తొక్క గట్టిది, సందు లేనిది. వేడికి లోపలి నీరు ఆవిరై, బయటికి దారి లేక ఒత్తిడి పెంచుతూ పోతుంది. పిండి పదార్థం మెత్తబడి జావలా అవుతుంది. 180 డిగ్రీల దగ్గర తొక్క ఇక తట్టుకోలేదు. అప్పటికి లోపల ఒత్తిడి మన కుక్కర్ విజిల్ వేసేటప్పటికంటే నాలుగైదు రెట్లు ఉంటుంది. తొక్క చిట్లగానే ఆ జావ ఉబ్బి, బయటి గాలికి చల్లబడి, నురగ గడ్డకట్టినట్టు పువ్వై ఆగిపోతుంది. 2015లో ఫ్రాన్స్‌లో ఇద్దరు పరిశోధకులు ఈ గింజల్ని ఓవెన్‌లో పెట్టి చూస్తే 170 డిగ్రీల దగ్గర మూడో వంతు మాత్రమే పేలాయట, 180 దగ్గర దాదాపు అన్నీ పేలాయట. ఆ పది డిగ్రీలు తర్వాత నన్నెంత ఏడిపించాయో చెబుతాను. నీరు ఎండిపోయినా, తొక్క మీద చిన్న పగులున్నా ఆవిరి కూడదు, గింజ పేలదు. దాణాకి వాడే మామూలు మొక్కజొన్న ఎంత వేయించినా ఇలా పువ్వు విచ్చకపోవడానికి కారణం కూడా తొక్కే.

మూడు కప్పుల గింజల్ని గాజు సీసాలో పోసి, ఒక పెద్ద చెంచా నీళ్ళు చల్లి, మూత బిగించాను. మొదటి గంట పది నిమిషాలకోసారి కుదిపాను, నీళ్ళు గింజలకి పట్టేదాకా. తర్వాత నాలుగు రోజులు దాని జోలికి పోలేదు. తర్వాతి ఆదివారం అవే గింజలు దబర మూతని పైకి లేపాయి. పేలనివి చారెడు కూడా లేవు. అప్పట్నుంచీ గింజలు బిగుతు మూత సీసాలోనే ఉంటున్నాయి. ఫ్రిజ్‌లో పెట్టను, అక్కడి పొడి గాలి ఉన్న తేమ కాస్తా లాగేస్తుంది.

ఇక ఆకు. మేముండే బెంగళూరులో లాల్‌బాగ్ పక్కన సిద్ధాపుర నర్సరీల్లో రోజ్‌మేరీ మొక్క దొరికింది. "స్వల్ప కమ్మి మాడి" అంటే ఓ ఇరవై తగ్గించాడు. కాస్త తగ్గించండి అని దాని అర్థం. పదకొండేళ్ళ క్రితం ఈ ఊరొచ్చినప్పుడు నేను మొదట నేర్చుకున్న కన్నడ మాట అదే, ఇప్పటికీ ఎక్కువగా పనికొచ్చేదీ అదే. నూనె మా అమ్మ అనంతపురం నుంచి పంపింది ఉంది. గానుగలో ఆడించిన చెనిక్కాయల నూనె, మూత తీస్తే వంటిల్లంతా వేయించిన పల్లీల వాసన. ఇంత మంచి నూనె, ఇంత మంచి ఆకు, ఇంకేం కావాలి అనుకున్నాను.

దబరలో మూడు పెద్ద చెంచాల నూనె పోసి, రెండు రోజ్‌మేరీ రెమ్మలు, చిదిమిన నాలుగు వెల్లుల్లి రెబ్బలు వేసి మంట పెంచాను. ఆకు మీది తడికి నూనె చిట్లి నా ముంజేతి మీద మూడు చోట్ల కాల్చింది. ఆ గోల తగ్గాక గింజలు పోశాను. గింజల్లో చలనం లేదు, నూనె మాత్రం పొగ మొదలుపెట్టింది. వెల్లుల్లి ఒక్క నిమిషంలో బంగారు రంగు నుంచి బొగ్గు రంగుకి వెళ్ళిపోయింది. మంట తగ్గిస్తే గింజలు పేలవు, పెంచితే మిగతావన్నీ మాడతాయి. చివరికి పేలడమైతే పేలాయి. తెల్లటి పువ్వుల మీద నల్లటి చుక్కలు, నోట్లో పెట్టుకుంటే వేపాకు చేదు. మా అబ్బాయి రుచి చూసి, "ఇది హెర్బ్ ఫ్లేవర్ కాదమ్మా, హోమం ఫ్లేవర్" అన్నాడు. సోఫా కవర్లకి పట్టిన కమురు వాసన రెండు ఉతుకులకి గానీ వదల్లేదు.

తప్పు నూనెదీ కాదు, ఆకుదీ కాదు. గానుగ నూనె సుమారు 160 డిగ్రీలకే పొగ వదలడం మొదలుపెడుతుంది. గింజ 180 అడుగుతుంది. రిఫైన్డ్ పల్లీ నూనె 230 దాకా పొగ రాకుండా ఓర్చుకుంటుంది. అమ్మ నూనె మంచిదే, నేను దాన్ని చెయ్యకూడని పనికి దింపాను. ఆకు సంగతి ఇంకా సున్నితం. రోజ్‌మేరీకి ఆ వాసన ఇచ్చేవి తేలిగ్గా ఆవిరైపోయే నూనెలు. ఇల్లంతా ఘుమఘుమలాడుతోందని మురిసిపోతాం గానీ, ఇంట్లో వాసన వస్తోందంటే గిన్నెలోంచి పోతోందనే అర్థం.

మనకి తిరగమోత అలవాటు. కాగిన నూనెలో కరివేపాకు వేసి, చుయ్‌మనగానే పప్పులో బోర్లిస్తాం. మాడేలోపే పప్పు దాన్ని చల్లార్చేస్తుంది, వాసన అందులోనే నిలుస్తుంది. పాప్‌కార్న్‌లో అలా కాదు. నూనె మరో నాలుగు నిమిషాలు ఆ సెగ మీదే ఉండాలి. ఏ ఆకైనా అంతసేపు ఎలా ఆగుతుంది? అప్పటికి గానీ నా బుర్రకి ఎక్కలేదు. పేల్చే నూనె వేరు, వాసన నూనె వేరు. రెంటినీ ఒకే గిన్నెలో ఒకే మంట మీద కుదర్చాలనుకోవడమే నా పొరపాటు.

ఇది తెలిశాక ఉత్సాహం ఎక్కువై ఇంకో పెద్ద తప్పు చేశాను. అందమైన గాజు సీసా ఒకటి కొని, అందులో పచ్చి రోజ్‌మేరీ రెమ్మలు నిలువుగా పెట్టి, పది వెల్లుల్లి రెబ్బలు జారవిడిచి, గోరువెచ్చని నూనె నిండా పోసి, కార్కు బిగించి వంటింటి కిటికీలో పెట్టాను. ఎండ పడితే మెరిసేది. వచ్చినవాళ్ళందరూ మెచ్చుకున్నారు. మెల్లగా ఊరనిద్దాం అని పది రోజులు ముట్టుకోలేదు. పదో రోజు దాని ఫోటో తీసి ఇంటి వాట్సాప్ గ్రూప్‌లో పెట్టాను. రెండు నిమిషాల్లో హైదరాబాద్ నుంచి మా తోటికోడలు ఫోన్. తను ఆహార పదార్థాలు పరీక్షించే ల్యాబ్‌లో పనిచేస్తుంది.

"అక్కా, అందులోంచి ఎవరైనా తిన్నారా?"

లేదన్నాను.

"రుచి చూడ్డం కూడా వద్దు. మూత తియ్యకుండా కవర్లో చుట్టి పారేయండి."

ఎందుకో తర్వాత వివరంగా చెప్పింది. మట్టిలో ఉండే ఒక బ్యాక్టీరియా వెల్లుల్లికీ ఆకులకీ అంటుకునే వస్తుంది. పేరు క్లాస్ట్రీడియం బొట్యులినం. గాలి తగులుతున్నంతసేపు అది గింజలా ముడుచుకుని పడి ఉంటుంది. గాలి అందని చోటు, కొంచెం తడి, పులుపు లేకపోవడం, గది వేడి, ఈ నాలుగూ కుదిరితే పెరిగి విషం తయారుచేస్తుంది. నూనెలో మునిగిన పచ్చి వెల్లుల్లికి ఆ నాలుగూ కుదురుతాయి. వాసన మారదు, రంగు మారదు, రుచి మారదు. తిన్నవాళ్ళకి కనురెప్పలు వాలిపోవడం, మింగలేకపోవడంతో మొదలై ఊపిరి కండరాల దాకా పోతుంది. 1985లో కెనడాలోని వాంకూవర్‌లో, బయట ఉంచిన నూనె వెల్లుల్లి వల్ల 30 మందికి పైగా ఇలా జబ్బుపడ్డారు. 1989లో అమెరికాలో మళ్ళీ జరిగాక, అమ్మే నూనె వెల్లుల్లిలో ఆమ్లం కలపాల్సిందేనని అక్కడి ప్రభుత్వం పట్టుబట్టింది.

స్పీకర్ ఆన్‌లో ఉంది కాబట్టి అత్తయ్య అంతా విన్నారు. విని ఊరుకునే మనిషి కాదు. "మరి ఆవకాయలో గుప్పెళ్ళకి గుప్పెళ్ళు వెల్లుల్లిపాయలు వేసి, పైన నూనె తేలేట్టు పోసి ఏడాది తింటున్నాం. మన తాతల కాలం నుంచీ ఎవరికేమైంది?" అని నిలదీశారు. నాకూ అదే అనుమానం. తోటికోడలు నవ్వి, "అత్తయ్యా, మీ ఆవకాయని కాపాడేది నూనె కాదు, మామిడికాయ" అంది. పుల్ల మామిడికాయ ఆమ్లం, దానికి తోడు అంతేసి ఉప్పు. పులుపుని కొలిచే పీహెచ్ (ఇది తగ్గేకొద్దీ పులుపు ఎక్కువ) 4.6 కన్నా తగ్గితే ఆ బ్యాక్టీరియా పెరగలేదట, ఆవకాయ అంతకన్నా చాలా పుల్లగా ఉంటుంది. నా సీసాలో పులుపూ లేదు, ఉప్పూ లేదు. అత్తయ్యకి ఈ జవాబు బాగా నచ్చింది. ఆ రోజు నుంచి ఎవరితో మాట్లాడినా "ఆవకాయకి ప్రాణం నూనె కాదు, పులుపు" అని మొదలుపెడుతున్నారు, తనే కనిపెట్టినట్టు. నేను సీసాతో సహా కవర్లో చుట్టి పడేశాను. సీసా రెండు వందల యాభై.

తోటికోడలు పెట్టిన షరతులు ఇవి: ఆకు బాగా ఎండాలి, వెల్లుల్లి వద్దు, కొంచెం కొంచెమే చేసుకోవాలి, వడకట్టాక ఫ్రిజ్‌లో పెట్టి మూడు నాలుగు రోజుల్లో వాడేయాలి. వెల్లుల్లి వాసన కావాలంటే వెల్లుల్లి పొడి ఉప్పులో కలుపుకోమంది. దానికి నేను కాస్త బాధపడ్డాను గానీ, పొడితోనూ బాగానే ఉంది.

జూన్ వచ్చింది. బెంగళూరులో జూన్ అంటే పొద్దున మబ్బు, సాయంత్రం జల్లు. ఆకు నీడన ఆరబెడితే రెండో రోజుకి కూడా మెత్తగానే ఉంది. ఫ్యాన్ కింద పేపర్ మీద పరిచి, రాత్రి ఫ్రిజ్ పైన వెచ్చగా ఉండే చోట పెట్టి, ఐదో రోజుకి వేళ్ళ మధ్య నలిపితే పొడయ్యేట్టు చేశాను. రోజ్‌మేరీతో పాటు కరివేపాకు కూడా. కరివేపాకు ఎండితే వాసన సగానికి సగం పోతుంది. రోజ్‌మేరీ అలా కాదు, ఎండినా పొగరు తగ్గదు. ఈ పనికి ఎండు రోజ్‌మేరీకే నా ఓటు.

నూనె కాచడానికి గిన్నెలో గిన్నె పెట్టాను. అడుగు గిన్నెలో నీళ్ళు, పైన చిన్న గిన్నెలో అర కప్పు అమ్మ నూనె, రెండు చెంచాల నలిపిన ఆకు. ఇక్కడ ఈ ఊరు ఒక ఉపకారం చేసింది. బెంగళూరు సముద్ర మట్టానికి 900 మీటర్ల పైన ఉంది కాబట్టి నీళ్ళు 97 డిగ్రీల దగ్గరే మరుగుతాయి. అంటే పైగిన్నెలో నూనె ఎంతసేపున్నా ఆ వేడి దాటదు. థర్మామీటర్ అక్కర్లేదు, ఆకు మాడుతుందన్న టెన్షన్ లేదు. సన్నటి సెగ మీద అరగంట. నూనె సద్దు లేకుండా ఉండాలి, బుడగలు రాకూడదు. ఆవిరి చుక్క ఒక్కటి కూడా నూనెలో పడకుండా పైన పళ్ళెం పెట్టాను. చల్లారాక పాత పంచె గుడ్డలో వడకట్టి, చేత్తో పిండకుండా దానంతటదే కారనిచ్చాను. వాసన చూస్తే ముందు పల్లీ, వెనకాల అడవి. అమ్మ నూనె ఇప్పుడు చెయ్యాల్సిన పనిలో ఉంది.

ఇక పేల్చడం. రెండు నెలల్లో చేతికి బాగా అలవాటైంది ఇదే. దబరలో మూడు పెద్ద చెంచాల రిఫైన్డ్ నూనె పోసి, మూడే మూడు గింజలు వేసి మూత పెడతాను. మూడూ పేలాయంటే నూనె సిద్ధం. వాటిని తీసేసి, అర కప్పు గింజలు పోసి, దబర పొయ్యి మీంచి దించేస్తాను. ముప్పై లెక్కపెడతాను. ఈ దించడం దగ్గర మా ఆయనకి నమ్మకం లేదు, కాగిన నూనె చల్లారుస్తావేంటి అంటారు. కానీ ఆ అర నిమిషంలో గింజలన్నీ ఒకే వేడికి వస్తాయి. మళ్ళీ పొయ్యి మీద పెట్టాక అన్నీ ఒక్కసారిగా అందుకుంటాయి. లేకపోతే ముందు పేలినవి అడుగున మాడుతూ వెనకవాటి కోసం ఎదురుచూస్తాయి. 170కీ 180కీ మధ్య ఆ పది డిగ్రీల పేచీ ఇలా తీరింది. మూత పూర్తిగా మూయను, ఒక వేలు సందు వదిలేస్తాను. ఆవిరి పోకపోతే పువ్వులు మెత్తబడి రబ్బరులా సాగుతాయి. శబ్దానికీ శబ్దానికీ మధ్య రెండు సెకన్లు దాటగానే ఆపేస్తాను. కుక్కర్ వాడితే మూత బిగించకండి, దాని పైన పళ్ళెం బోర్లించండి చాలు.

అర కప్పు గింజలు దబర నిండా పొంగుతాయి. వాటిని వెడల్పాటి బేసిన్లోకి వంచి, వాసన నూనె రెండు చిన్న చెంచాలు, సన్నటి ధారగా అంచు వెంబడి, ఒక చేత్తో ఎగరేస్తూ పోయాలి. మొదటిసారి నాలుగు పెద్ద చెంచాలు పోశాను. వేళ్ళు, రిమోట్, చిన్నదాని గౌను, అన్నీ జిడ్డు.

ఉప్పుతో కూడా నేను అనుకోని తంటా వచ్చింది. మామూలు ఉప్పు పువ్వుల మీద నిలవదు, జారి బేసిన్ అడుగుకి చేరుతుంది. మొదట తిన్నవాళ్ళు చప్పగా ఉందంటారు, చివర తిన్నవాళ్ళు ఉప్పు కషాయం అంటారు. ఉప్పుని, విడిగా ఉంచిన కొంచెం ఎండాకుని (వడకట్టగా మిగిలింది కాదు), చిటికెడు వెల్లుల్లి పొడిని మిక్సీలో మెత్తగా పౌడర్ డబ్బా పౌడర్‌లా తిప్పాను. అప్పుడు నూనె తడికి పట్టుకుంది. పులుపు కోసం నిమ్మరసం పిండితే ఆ చుక్క పడ్డచోటల్లా పువ్వు కుంచించుకుపోయింది. దాని బదులు నిమ్మ ఉప్పు చిటికెడు కలిపాను. పిల్లలు వేళ్ళు నాకారు.

మా అబ్బాయికి మాత్రం సినిమా హాలు వెన్న రుచే కావాలి. కొన్న వెన్న కరిగించి పోశాను. వాడి కళ్ళ ముందే పువ్వులు బెలూన్లలా దిగిపోయాయి. వెన్నలో 16 శాతం దాకా నీరు ఉంటుంది. నీటికి ఈ పువ్వు ఆగదు, వట్టి కొవ్వుకైతే ఏమీ కాదు. ఈ సంగతి అమ్మకి ఫోన్లో చెప్పుకుని, నీరు తీసేసిన వెన్న, అదే క్లారిఫైడ్ బటర్ కావాలని వాపోతుంటే, ఆవిడ అటునుంచి, "ఏంటికి పాపా ఇన్ని అగచాట్లు? వెన్న కాంచేటప్పుడు నేను ఆకు ఎయ్యనా? నీళ్ళు ఇగిరిపొయ్యి ఆకు గలగలమన్నాక దించి వడబోస్తే అయిపాయె. నువ్వు ఏదో ఇంగ్లీషు పేరు చెప్తాండావ్, మేము దాన్నే నెయ్యి అంటాం" అంది.

ఫోన్ పెట్టేశాక కాసేపు నవ్వుకున్నాను. చిన్నప్పుడు నెయ్యి కాగుతుంటే అందులో కరకరలాడే కరివేపాకు కోసం నేనూ మా తమ్ముడూ కొట్టుకునేవాళ్ళం. ఆకులోని వాసన మెల్లని సెగ మీద కొవ్వులోకి దిగడం నాకు కొత్త విద్యేమీ కాదు, గాజు సీసాలో పెట్టేసరికి గుర్తుపట్టలేకపోయాను. పైగా నెయ్యి పద్ధతిలో పచ్చి ఆకే వాడొచ్చు. వెన్నలో నీటితో పాటు ఆకులో నీరు కూడా ఆ కాగడంలోనే పోతుంది.

ఆ వారమే పక్క ఫ్లాట్ ఆంటీ, కన్నడ ఆవిడ, మా పాపకి జలుబని విని గిన్నెడు తంబుళి (ఆకు నూరి మజ్జిగలో కలిపి చేసేది), ఒక డబ్బాలో దొడ్డపత్రె ఆకులు ఇచ్చారు. వాళ్ళ దొడ్డపత్రె మన వాము ఆకే. మందపాటి, నూగు ఉన్న, బజ్జీలు వేసుకునే ఆకు. నలిపి వాసన చూస్తే వాము. ఇంగ్లీషువాళ్ళు థైమ్ అని ఎండబెట్టి సీసాల్లో అమ్మే ఆకులోనూ, మన వాములోనూ ఉండేది ఒకటే పదార్థం, థైమాల్. ఈ వాము ఆకులోనూ అది ఉంటుంది. సూపర్ మార్కెట్లో వేలెడు ప్యాకెట్‌కి ఎనభై రూపాయలు పెట్టి థైమ్ కొనబోయి ధర చూసి మానుకున్నాను. అదే వాసన గోడకవతల కుండీలో పెరుగుతోంది.

వెన్న కరిగి, నురగ తగ్గి, అడుగున గోధుమ రంగు గసి కనిపిస్తున్నప్పుడు ఆరు వాము ఆకులు చేత్తో చించి, తడి లేకుండా తుడిచి వేశాను. పచ్చి కరివేపాకు కంటే ఎక్కువ గోల చేసింది, అంత నీరుంది ఆ ఆకులో. చిటపట ఆగి ఆకులు పెళుసుగా తేలాక దించి వడకట్టాను. రిఫైన్డ్ నూనెలో పేల్చిన పువ్వుల మీద ఆ నెయ్యి రెండు చెంచాలు వేసి ఎగరేశాను. పువ్వులు ముడుచుకోలేదు. వాసన మాత్రం సినిమా హాలుది కాదు. వానాకాలం సాయంత్రం వాము బజ్జీలు వేస్తున్న ఇంటి వాసన. రోజ్‌మేరీ కంటే ఇదే బాగుందని నేనంటాను. మా అమ్మాయి ఒప్పుకోదు. ఇప్పుడు ఇంట్లో రెండు బేసిన్లు చేస్తున్నాను, అది వేరే సమస్య.

తొలి ఏకాదశి నాడు అత్తయ్య పొయ్యి దగ్గరికి తనే వచ్చారు. ముందురోజే జొన్నలకి నీళ్ళు చల్లి మూటకట్టారు. మంగలం లేదు, ఇసుక లేదు, నా అడుగు మాడిన దబరే దిక్కు. నూనె చుక్క లేకుండా, గుప్పెడు గుప్పెడు చొప్పున వేసి గుడ్డతో తిప్పారు. జొన్న శబ్దం చిన్నది, చిటికెలు వేసినట్టు ఉంటుంది. సగమే పేలాయి, ఇసుకైతే అన్నీ పేలేవని సణిగారు. అయినా ఆ సగాన్ని బెల్లం, యాలకులతో దంచి పేలపిండి చేసి దేవుడి దగ్గర పెట్టారు. ఆ పిండిలో వాము నెయ్యి వేస్తానంటే నా వైపు చూసిన చూపుకి గిన్నె వెనక్కి తీసుకున్నాను.

పక్కింటి డబ్బా ఖాళీగా తిరిగివ్వకూడదు కదా. అందులో వాము నెయ్యి పాప్‌కార్న్ నింపి, మీద ఒక చిన్న పొట్లంలో పేలపిండి పెట్టి ఇచ్చాను. సాయంత్రం లిఫ్ట్ దగ్గర ఆంటీ కనిపించారు. "పాప్‌కార్న్ తుంబా చెన్నాగిత్తు. ఉప్పు స్వల్ప కమ్మి" అన్నారు.

ఇంట్లోకి రాగానే అత్తయ్య చెప్పులు విడుస్తూ, "విన్నావా? ఉప్పు కూడా సరిపోయి కమ్మగా ఉందంట. నేను చెప్పలా?" అన్నారు.

అవునత్తయ్యా అని, లోపలికి వెళ్ళి మిక్సీ జార్‌లో ఇంకో చెంచా ఉప్పు వేశాను.